నువ్వు రాసిన బందు

ఇబ్రహీంపట్నం
1949 జనవరి 9

తమ్ముడు లింగస్వామికి,

మూడేండ్ల సంది కడుపుల పెట్టుకున్న మాట ఇది. బెజవాడ పోయి రేడియోలు బాగుచేసే పనిల కుదిరినవ్, సంతోషపడ్డ. ఏడాది తిరగకముందే కార్డు రాసినవ్, మన మధ్య బందు, ఇంక మాట పట్టదు అని. వల విసురుడు నేర్పిన అన్నకు అట్ల రాస్తరా? తర్వాత నీ కవర్లు రెండొచ్చినయ్. తెరవలే, తిప్పి పంపిన.

యూనియన్ మిలట్రీ వచ్చినంక తొవ్వలు తెరిచిండ్రు. రజాకార్ల భయం లేదు. ఇగ సాకులు చెప్పకు. వచ్చి నా ముంగట నిలబడి గా మాట మల్ల అను.

ఎవరితోని రాయించలే, నేనే రాసిన. తప్పులుంటే నవ్వుకో.

నీ అన్న
బాలస్వామి

బెజవాడ
జనవరి 20

ప్రియమైన అన్నకు దండాలు.

నీ చేతిరాత చూసి దుకాణంలోనే ఏడ్చాను. మా యజమాని "పాడైంది రేడియోనా, నువ్వా?" అన్నాడు.

అన్నా, నేను రాసింది బందు కాదు, బ్యాండు. రేడియోలో మాట నడిచే బాట అది. ఎంత వెడల్పుంటే అంత మాట పడుతుంది. సన్నగుంటే గొంతు నలిగిపోతుంది. అదే బ్యాండు పెళ్ళివాళ్ళకు మేళం, దర్జీకి నడుము పట్టీ. పని మీద పడ్డప్పుడు మా యజమాని తల పట్టుకుని "నా బ్యాండు ఇంతే, ఇంకో మాట పట్టదు" అంటాడు.

అప్పట్లో బెజవాడ ఉత్తరాలను మన ఊళ్ళో నిజాం పోలీసులు విప్పి చదివేవాళ్ళు. నిజాంను ఎదిరించే సంఘపోళ్ళతో సంబంధం ఉందని నిన్ను పట్టుకుపోతారని భయపడ్డాను. అందుకే "మన మధ్య బ్యాండు చిన్నది, ఇంక మాట పట్టదు" అని రాసి ఊరుకున్నాను. తర్వాత ఉండబట్టక రాసిన రెండు కవర్లూ తిరిగొస్తే, పోలీసులే తిప్పి పంపారనుకున్నాను.

ఇది అమ్మకు గట్టిగా చదివి వినిపించు. ఆమె కోసం చిన్న రేడియో చేస్తున్నాను. ఇంకా పాట రావట్లేదు, గరగర మాత్రం మస్తు వస్తోంది.

నిన్ను చూడాలని ఉన్న
లింగస్వామి

ఇబ్రహీంపట్నం
ఫిబ్రవరి 3

తమ్మీ,

కార్డు తీసి చూసిన. చిన్నది అన్న అక్షరాల మీద తపాలా ముద్ర పడ్డది. బ్యాండు అనే మాట నేనెన్నడు వినలే. తెలిసిన బందే చదువుకున్న. పక్కింటి పరమేశ్వర్‌ను అడిగితే అయిపోతుండె. "చదువొస్తదంటివి గదనే పెద్దయ్యా" అంటడని అడగలే.

చదివి వినిపించనీకి అమ్మ లేదు. మొన్నటేడు దసరాకు ముందు జరమొచ్చింది. తొమ్మిది దినాలు. "చిన్నోనికి కబురు పెట్టినవా?" అని పొద్దుమాపు అడిగింది. "పెట్టిన, వస్తుండు" అన్న. పెట్టలే. నీ మీద పంతం నా తలకాయ నిండ కూసున్నది. అమ్మ మాటకు దాంట్ల జాగ లేకపాయె. మీ యజమాని అన్నది నాకు బాగ సమజైంది.

చివరి దినం నన్నే నువ్వనుకున్నది. "వచ్చినవా లింగా?" అన్నది. "అవ్ అమ్మా" అన్న.

తప్పు నాది. ఎంతన్న తిట్టు, ఇంటికొచ్చి తిట్టు. వస్తవో రావో పదిహేనో తారీఖు మంగళారం లోపల జవాబియ్యి.

నీ అన్న
బాలస్వామి