కుడివైపు తిరిగిన పిల్ల

అక్కా,

ఫోన్‌లో చెప్పడానికి నోరు రాక రాస్తున్నాను. మొన్న నా టీవీ షోలో ఆడినప్పటి నుంచి చిన్నది డాన్స్ క్లాసుకే వెళ్లనంటోందని నిన్న చెప్పావు. వెనక నుంచి దాని గొంతు వినిపించింది.

"మామయ్య కుడివైపే తిరగమన్నాడమ్మా."

"ఆడలేక మద్దెల ఓడనకే. మామయ్య పరువు తీసింది చాలు," అని కసిరావు. నేను విని కూడా ఊరుకున్నాను.

అది నిజమే చెప్పింది. నెల రోజులు కుడివైపే నేర్పాను. షో రోజు పొద్దున కెమెరా చోటు మారడంతో పిల్లల్ని ఎడమకు తిరగమన్నాను. అప్పుడది మేకప్ గదిలో ఉంది. రోజూ పని రాసుకునే నా పుస్తకంలో "మార్పు అందరికీ చెప్పాను" అని ఉంది. దానికి చెప్పలేదు.

లైవ్‌లో పదకొండు మంది ఎడమకు తిరిగితే అదొక్కతే కుడికి తిరిగింది. జడ్జీలు నవ్వారు. దానికి ఏడుపొచ్చింది. డైరెక్టర్ కుర్చీలో ఉన్నది నేనే. కెమెరామన్ పక్కకు తిప్పబోతుంటే, "ఉండు, ముఖం మీదే ఉంచు" అన్నాను. ఏడుపు కనిపిస్తే జనం చానల్ మార్చరు. ఎవరూ నేర్పకుండా నేను నేర్చుకున్న విద్యల్లో అదొకటి. తర్వాత నువ్వు "ఆ చానల్ వాళ్లకు కనికరం లేదురా" అంటే, అవునన్నాను.

ఆదివారం వస్తాను. నా ముఖం చూడగానే అది గదిలోకి పోయి తలుపేసుకుంటుంది. అందుకే ముందుగా, బావ కూడా ఇంట్లో ఉన్నప్పుడు, ఈ ఉత్తరం దానికి చదివి వినిపించు. తమ్ముడినన్న ప్రేమతో ఏ వాక్యమూ మింగేయకు.

నీ తమ్ముడు