చంద్రుణ్ణి మింగే ఆట

జులై 14, ఆదివారం

అట్టముక్కలు కత్తిరించీ కత్తిరించీ బొటనవేలు బొబ్బెక్కింది. సోఫా మీద చేపలు, టీవీ పక్కన చేపలు, ఆయన తలగడ మీద కూడా ఒక చేప. ఇది ఇల్లా, చేపల మార్కెట్టా అని విసుక్కున్నారు. లిఫ్టులు బాగుచేసే మనిషికి ప్లేస్కూల్ టీచర్ బాధ ఏం తెలుస్తుంది! బోల్టు బిగిస్తే లిఫ్టు మాట వింటుంది. నాలుగేళ్ళ పిల్లల్ని ఏ బోల్టుతో బిగించాలి?

ఈ వారం మా క్లాసు పుస్తకం తిండిపోతు చేప కథ. చెరువులో ఆ చేప కనబడిందల్లా మింగేస్తుంది. గులకరాయి, చొక్కా గుండీ, ఎవరిదో చెప్పు. చివరి పేజీలో నీళ్ళమీద మెరిసే చంద్రుణ్ణి కూడా గుటుక్కుమనిపిస్తే దాని పొట్ట దీపంలా వెలుగుతుంది. ఆ పేజీ తిప్పిన ప్రతిసారీ పిల్లలు నోళ్ళు తెరుచుకుని ఉండిపోతారు.

ఊరికే చదివి వదిలేయకూడదు, పిల్లల చేత చేయించాలి అంటుంది పెద్దమేడమ్. స్కూలు ఆవిడది. శనివారం పేరెంట్స్ వచ్చి అన్నీ చూస్తారు. అందుకే గాలం ఆట పెడుతున్నాను. చేప మూతికి అయస్కాంతం, గాలం చివర అయస్కాంతం. పాతవాటికి పట్టు లేదు, సగం దూరంలో చేప జారిపోతే పిల్లలు ఒకటే ఏడుపు. కొత్తవి ఆన్‌లైన్‌లో తెప్పించాను. చిన్న చిన్న గుండ్రటి బిళ్ళలు, తళతళా మెరుస్తున్నాయి. రెండు అతుక్కుంటే గోళ్ళతో విడదీయలేకపోయాను, అంత రాక్షసి పట్టు. డబ్బా మీద చిన్నక్షరాల్లో ఏదో బారెడు రాసుంది. ఎవరు చదువుతారు, డబ్బా చించి పారేశాను.

జిగురు సీసా పట్టుకుని మా పిడుగు పక్కనే కూర్చుంది. నా కూతురే, నా క్లాసే. స్కూలు తెరిచిన మొదటి వారమే ఒక తల్లి పెద్దమేడమ్‌కి కంప్లయింట్ ఇచ్చింది, టీచర్ కూతురికే అన్నీ ముందు అని. ఒళ్ళు మండిపోయింది. అప్పట్నుంచి రూల్ పెట్టాను. గేటు దాటితే నేను టీచర్‌ని, అమ్మా అనకూడదు. ఇంటికొస్తే అమ్మని, స్కూలు మాట ఎత్తకూడదు. ఒక ఒరలో రెండు కత్తులు ఇమడవు కదా. పిడుగు ఒక్కసారి చెబితే పట్టేసింది. ఇంతవరకూ ఒక్కరోజు కూడా నోరు జారలేదు.

జులై 15, సోమవారం, మధ్యాహ్నం

సూపర్ హిట్!

నీలం దుప్పటి పరిచి చెరువు అన్నాను. ఈ రోజు మీరందరూ చేపలే అన్నాను. నోరు పెద్దగా తెరవండి, చంద్రుణ్ణి మింగండి, ఆం! అన్నాను. క్లాసంతా ఆం! అని అరిచింది. పెద్దమేడమ్ తలుపు దగ్గర నిలబడి వీడియో తీసింది. ఇలాంటి టీచర్ ఒక్కతి చాలు అని ఆయమ్మతో అందట. ఆయమ్మ వచ్చి నా చెవిలో ఊదింది. అప్పట్నుంచీ గాల్లో తేలిపోతున్నాను.

సాయంత్రం

రెండు చేపలకి అయస్కాంతం లేదు.

డబ్బాలో సర్దుతుంటే చూశాను. జిగురు మచ్చ ఉంది, బిళ్ళ లేదు. ఆయమ్మా నేనూ మోకాళ్ళ మీద గది మొత్తం దేవులాడాం. గాలానికున్న అయస్కాంతాన్ని నేలంతా ఈడ్చాను. గుండుసూదులొచ్చాయి, పేపర్ క్లిప్పులొచ్చాయి, ఎప్పుడో పోయిన నా హెయిర్‌పిన్ను కూడా వచ్చింది. చెత్తబుట్ట బోర్లించాం. దుప్పటి దులిపాం. లేవు.

ఫోన్‌లో చదివాను. ఒకటి మింగితే చాలాసార్లు దానంతటదే పోతుందట. రెండు వేరువేరుగా మింగితే పేగుల్లో ఎక్కడెక్కడో ఉండి ఒకదాన్నొకటి లాక్కుంటాయట. మధ్యలో పేగు నలిగి చిల్లు పడుతుందట. ప్రాణాపాయం అని రాశారు. ఫోన్ బోర్లా పెట్టేశాను. మళ్ళీ తీసి చదివాను.

పెద్దమేడమ్ చీపురులో పోయుంటాయిలే అంది. గోటితో పోయేదానికి గొడ్డలెందుకు, ఊరికే పేరెంట్స్‌ని బెదరగొట్టకు, శనివారం దాకా నోరు మెదపకు అంది. సరేనన్నాను. సరేనని ఎందుకన్నానో తెలియదు.

ఇంటికొచ్చాక పిడుగు పక్క మీద దుప్పటి ముసుగేసుకుని, గౌను పైకెత్తి తన పొట్ట తనే చూసుకుంటోంది. ఏంటే అంటే ఏం లేదంది. ఈ పిల్ల చేష్టలకి ఇంకోరోజైతే నవ్వేదాన్ని.

జులై 16, మంగళవారం

పొద్దున్నే అందర్నీ కూర్చోబెట్టి మెల్లగా అడిగాను. ఎవరైనా మెరిసే బిళ్ళ మింగారా, మింగితే చెయ్యెత్తండి, నేనేమీ అనను అని.

క్లాసు క్లాసంతా చేతులెత్తింది.

మా క్లాసు బండోడు వంద మింగానన్నాడు. వాడి పక్కది తను చెప్పు మింగిందట. ఇంకొకడు వాళ్ళ నాన్న కారు మింగానని ఒట్టేశాడు. తప్పు నాదే. నిన్న చేపలుగా మార్చి, ఇవాళ చేపల్ని నిజం చెప్పమంటే ఏం చెప్తాయి?

వెనక వరసలో పిడుగు కూడా చెయ్యెత్తింది. నాకు చిర్రెత్తుకొచ్చింది. నా కూతురే కోతలు కోస్తే రేపు ఆ తల్లులు నన్నేమంటారు! నువ్వూ తయారయ్యావా, చెయ్యి దించు అన్నాను. గట్టిగానే అన్నాను. దించేసింది.

రోజంతా ఒక్కొక్క మొహం చూస్తూ గడిపాను. ఎవరు దగ్గినా పరుగెత్తుకెళ్ళి నోట్లోకి చూశాను. బండోడు టాయిలెట్‌కి వెళితే ఆయమ్మని వెంట పంపాను. వాడు తలుపేసుకుని ఇది నా ప్రైవేటు అని అరిచాడట.

పిడుగు టిఫిన్‌బాక్సు తెరిచింది తెరిచినట్టే వెనక్కి తెచ్చింది. ఇంటికొచ్చాక పాలూ వద్దంది. చెయ్యి దించమన్నానని అలక. అలగడంలో అచ్చం వాళ్ళ నాన్నే.

ఆయనకి అంతా చెప్పాను. విని, ఉద్యోగం పోతే ఇంకోటి చూసుకుందువు, పిల్లకేమైనా అయితే ఆ తల్లి మొహం చూడగలవా అన్నారు. ఒక్కోసారి ఈ మనిషి మాట నేరుగా గుండెల్లో దిగుతుంది.

రేపు అందరికీ చెప్పేస్తాను. ఏదైతే అదవుతుంది.

జులై 17, బుధవారం

స్టోర్ రూమ్‌లో తలుపేసుకుని పేరెంట్స్ గ్రూపులో ఉన్న నంబర్లన్నిటికీ వరసగా ఫోన్ చేశాను. క్లాసులో అయస్కాంతాలు పోయాయి, ఎవరు మింగారో తెలియదు, దయచేసి ఈ రోజే ఎక్స్‌రే తీయించండి, ఆలస్యం చేయకండి. మొదటి ఫోన్‌కి కాగితం మీద రాసుకున్నది చదివాను. పోనుపోనూ అరిగిపోయిన రికార్డులా అదే వచ్చేసింది.

ఒక తండ్రి బుద్ధుందా నీకు అన్నాడు. లేదండీ, ఎక్స్‌రే తీయించండి అన్నాను. కంప్లయింట్ ఇచ్చిన ఆ తల్లి తిట్టలేదు. ముందు చెప్పారు, అది చాలు అని పెట్టేసింది. నాకు అప్పుడు ఏడుపొచ్చింది.

పెద్దమేడమ్‌కి తెలిసి నిప్పుతొక్కిన కోతిలా వచ్చింది. నేనెంత చెప్పాను, నీకేం చెప్పాను, స్కూలు పరువు గంగలో కలిపావు, రేపట్నుంచి రావొద్దు అంది. పిల్లలు పక్క గదిలో పాట పాడుతున్నారు. నేను బ్యాగ్ తీసుకుని పిడుగు చెయ్యి పట్టుకుని బయటికొచ్చేశాను. దారిలో అది నడవనంది. ఎత్తుకున్నాను. ఒళ్ళు కొంచెం వెచ్చగా ఉంది.

సాయంత్రం

ఫోన్ నిండా పొట్టల ఫోటోలు. తెల్లగా పక్కటెముకలు, మధ్యలో నల్లటి మబ్బులు. క్లియర్, క్లియర్, నథింగ్ టీచర్, ఆల్ ఓకే. బండోడి కడుపులో కూడా ఏమీ లేదు. వంద మింగానన్న వెధవ!

చివరి మెసేజ్ ఇప్పుడే వచ్చింది. అందరూ క్షేమం.

అంటే చీపురులోనే పోయాయన్నమాట. ఉద్యోగం ఊడింది, ఊడితే ఊడింది. రెండు రోజుల తర్వాత గుండెలనిండా ఊపిరి పీల్చుకున్నాను. పిడుగు మాత్రం తాగిన పాలు కక్కింది. అజీర్తేమో. రేపు డాక్టర్‌కి చూపించాలి.

జులై 18, గురువారం

తెల్లవారేసరికి ఆకుపచ్చగా వాంతి. పొట్ట మీద చెయ్యి వేయనివ్వడం లేదు. ఆయన నా వైపు చూసి, మన పిల్లకి ఎక్స్‌రే తీయించావా అని అడిగారు.

లేదు.

అందరి తల్లులకీ ఫోన్ చేశాను. ఒక్క తల్లికి చేయలేదు. ఆ గ్రూపులో నేను తల్లిని కాను, టీచర్‌ని. పిల్లని చంకలో పెట్టుకుని ఊరంతా వెతకడమంటే ఏమిటో నన్ను చూస్తే తెలుస్తుంది.

కారులో ఒళ్ళో పడుకోబెట్టుకుని అడిగాను. బిళ్ళ మింగావా తల్లీ? తలూపింది. చంద్రుణ్ణి మింగితే పొట్ట వెలుగుతుందిగా అంది. ఒకటి మింగిందట. ఎంత చూసినా వెలగలేదట. ఒకటి చాలలేదేమో అని, స్కూల్లోనే పాలు తాగే టైముకి ఇంకోటి మింగిందట.

మరి నాకెందుకు చెప్పలేదే అన్నాను. చెయ్యెత్తాను, టీచర్ దించమంది అంది. ఇంటికొచ్చాక చెప్పొచ్చు కదమ్మా అన్నాను. ఇంట్లో స్కూలు మాట ఎత్తకూడదుగా అంది. మరి స్కూల్లో పొట్ట నొప్పని ఎందుకు చెప్పలేదు అన్నాను. పొట్ట నొప్పి అమ్మకి చెప్తారు, స్కూల్లో అమ్మ ఉండదుగా అంది.

కోపంగా అనలేదు. నేను రూల్ మర్చిపోయానేమోనని గుర్తుచేస్తున్నట్టు అంది. నా పిల్ల రెండు రోజులు కడుపులో నొప్పి పెట్టుకుని, ఆ మాట చెప్పుకోవడానికి చోటు లేక తిరిగింది. చోటు లేకుండా చేసింది నేను.

మధ్యాహ్నం

ఎక్స్‌రేలో రెండు తెల్లటి బిళ్ళలు, పక్కపక్కనే. చూసి అతుక్కున్నాయి, కలిసి బయటికొచ్చేస్తాయి కదా అన్నాను. సర్జన్ తల అడ్డంగా ఊపాడు. వాటి మధ్య సన్నటి సందు చూపించాడు. ఆ సందులో పేగుంది అన్నాడు.

లోపలికి తీసుకెళ్ళారు. స్ట్రెచర్ పక్కన నడుస్తూ అమ్మా అను, ఎక్కడైనా అను, ఎప్పుడైనా అను అన్నాను. మత్తులో ఉందేమో, పలకలేదు. ఆయన కారిడార్ చివర లిఫ్టు తలుపు వైపే చూస్తూ నిలబడ్డారు. నన్ను తిడితే బాగుండును.

ఇంకా బయటికి రాలేదు.

ఇంకా రాలేదు.

జులై 19, శుక్రవారం

పేగుకి రెండు చోట్ల చిల్లులు పడ్డాయి. కుట్టారు. ఇంకొక్క రోజు ఆలస్యమైతే అని మొదలుపెట్టి సర్జన్ ఆ మాట పూర్తి చేయలేదు.

గండం ఇంకా గడవలేదట. కుట్లు నిలబడి పేగు మళ్ళీ కదలాలి. కదిలిందనడానికి గుర్తు గ్యాస్ పోవడం. అది పోయేదాకా చుక్క నీళ్ళు కూడా ఇవ్వకూడదు. లేకపోతే మళ్ళీ కడుపు తెరవాల్సి రావచ్చు. నర్సు వచ్చినప్పుడల్లా పొట్ట మీద స్టెతస్కోపు పెట్టి వింటోంది. పోయిందా అంటుంది. లేదంటాను. మా బతుకంతా ఇప్పుడు ఆ ఒక్క ప్రశ్న చుట్టూ తిరుగుతోంది.

పిడుగు పెదాలు ఎండిపోయి నీళ్ళు, నీళ్ళు అంటోంది. తడిగుడ్డతో అద్దుతున్నాను. గుడ్డ చప్పరించబోతే లాగేస్తున్నాను. ఇంతకన్నా పాపపు పని ఇంకేమైనా ఉంటుందా.

పెద్దమేడమ్ పండ్లబుట్టతో వచ్చింది. నీళ్ళే తాగకూడని పిల్లకి పండ్లు! మంచం పక్కన కూర్చుని నా చెయ్యి నిమిరి, అదృష్టం బాగుండి మన పిల్లే అయింది, బయటివాళ్ళ పిల్లయితే స్కూలు మూసుకోవాల్సొచ్చేది అంది. సోమవారం నుంచి వచ్చెయ్ అని కూడా అంది. ఆసుపత్రి కాగితాల్లో ఇంట్లో జరిగిందని రాయిస్తే అందరికీ మంచిది అంది.

నేను లేచి బుట్ట ఆవిడ చేతికిచ్చి తలుపు చూపించాను. నోటికొచ్చిందల్లా అన్నాను. పక్క మంచాలవాళ్ళందరూ విన్నారు. విననీ.

తర్వాత పేరెంట్స్ గ్రూపులో రాశాను. ఆ అయస్కాంతాలు తెప్పించింది నేను, అంటించింది నేను, నోరు తెరిచి మింగమన్నది నేను. మింగింది నా కూతురు. స్కూల్లోనే మింగింది. మీ ఇళ్ళలో ఇలాంటి బిళ్ళలుంటే ఇప్పుడే తీసి పారేయండి. ఎవరేం జవాబిచ్చారో చూడలేదు.

సాయంత్రం

పోలేదు. పొట్ట కొంచెం బిగుసుకుంది. సర్జన్ రెండుసార్లు వచ్చి వెళ్ళాడు. రేపు పొద్దున చూసి నిర్ణయిస్తానన్నాడు.

జులై 20, శనివారం

పిడుగు పిత్తింది.

పెద్దగానే. పక్క మంచం తాతగారు ఉలిక్కిపడి లేచారు. నర్సు పరుగెత్తుకొచ్చి నిజంగానా అంది. నిజమే, నిజమే అని వార్డంతా వినపడేలా అరిచాను. ఆయనకి ఫోన్ చేసి చెబితే అటునుంచి వెక్కి వెక్కి ఏడుపు. సిగ్గేసి పిడుగు దుప్పటిలో మొహం దాచుకుంది.

తొమ్మిదింటికి ఒక చెంచా నీళ్ళు తాగింది.