మీ గుమ్మంలోని బోర్డు

బెర్లిన్, 1926 మే 9

లిండ్నర్ గారికి,

మీ హోటల్లో గాజు గదిలో ముప్పై నాలుగు రోజులు పస్తు ప్రదర్శన ఇచ్చి చనిపోయిన రైన్‌హోల్డ్ గారి భార్యను. నేను చాటుగా చాక్లెట్ తినిపించానని, ఆయన జనాన్ని మోసం చేశారని మీరు గుమ్మంలో బోర్డు పెట్టారట. దయచేసి అది తీయించండి.

చాక్లెట్ తెచ్చిన మాట నిజమే. ముప్పయ్యో రోజున, చుట్టూ జనం సాసేజీలు తింటుండగా, గాలి కోసం ఉంచిన కంతలోంచి అందించబోయాను.

"లోపల పెట్టెయ్యవే. ఎవరన్నా చూస్తే నా పరువేం కాను?" అన్నారు.

కోటు జేబులో పెట్టేసుకున్నాను. ఇంకా అక్కడే ఉంది.

ఆయనకు మిగిలింది ఆ పరువొక్కటే, అది ఉండనివ్వండి. మీరు రాయించిందే నిజమైతే, ఈపాటికి ఆయన ఇంట్లో ఉండేవారు.