చెప్పులతో నిద్రపోయే పిల్ల ఎవరన్న సంగతి

తొమ్మిది నవలలు రాసిన నేను, ఈ మూడో అంతస్తు అద్దె వాటాలో నా బల్ల దగ్గర కూర్చుని, మతి నిలకడగా ఉండగా, ఎవరి బలవంతమూ ప్రోద్బలమూ లేకుండా, స్వహస్తంతో రాస్తున్న వీలునామా ఇది. నా మతి మీద అనుమానం ఉన్నవాళ్లు కింది అంతస్తు పళ్ల డాక్టరును అడగవచ్చు. నిన్న ఆవిడ తప్పు పన్ను పీకబోతుంటే ఆపింది నేనే.

1. నా పుస్తకాల ప్రూఫులు దిద్దే మిత్రుణ్ణి ఈ వీలునామాకు కార్యనిర్వాహకుడిగా నియమిస్తున్నాను. నా వాక్యాలను మెత్తబరచడం ఆయనకు అలవాటు. ఇందులో ఒక్క కామా కదిపే అధికారం కూడా ఆయనకు లేదు.

2. మనిషి ఎక్కడివాడవుతాడన్న ప్రశ్న మీదే జీవితమంతా రాశాను. ఇప్పుడు నేను పుట్టిన ఊరూ, బతికిన ఊరూ నన్ను తమదంటే తమదని లాక్కుంటున్నాయి. మొదటి ఊరు నా మాట మారిపోయిందని వెక్కిరించింది. రెండోది, ఎక్కడినుంచి వచ్చావని అడిగి ఇల్లు అద్దెకివ్వలేదు. ఏ ఊళ్లోనూ ఏ గ్రంథాలయానికీ నా పేరు పెట్టకూడదు. నా జ్ఞాపికలన్నీ పాత ఇనుము కొనేవాడికి చెందాలి.

3. రెండో నవలలోని పిసినారి తనేనని మా అన్నయ్య నాతో మాటలు మానేశారు. ఆ రోజు కోపంలో మరిచిపోయి వెళ్లిన గొడుగు ఆయనకే ఇచ్చేయాలి. ఆ పిసినారి ఆయన కాదు. నవలలోకి ఎక్కాలంటే మనిషిలో ఏదో ఒకటి ఉండాలి.

4. ఎదురింటి రిటైర్డు కండక్టరు గారికి నా చదరంగం బల్ల, కిటికీ పక్క కుర్చీ. ఆయన నా పుస్తకం ఒక్కటీ చదవలేదు. "రోజంతా ఇంట్లో ఏం చేస్తుంటారండీ, విసుగు పుట్టదూ?" అని అడిగిన మనిషి ఆయనొక్కరే. ఆటలో దొంగాట ఆడతారు. ఆయనంటే నాకు చాలా ఇష్టం.

5. నా రచనలన్నిటి హక్కులూ మా అక్క కూతురికి, అక్క పోయాక నేను పెంచిన పిల్లకు, కింది షరతుతో సంక్రమిస్తాయి.

మొదటి నవలలో, బంధువుల పంచన చేరిన ఒక పిల్ల, ఏ క్షణాన పొమ్మంటారోనని చెప్పులు వేసుకునే పడుకుంటుంది. ఆ పిల్ల తనేనని మా అక్క కూతురు సభల్లో చెప్పుకుంటోంది. "పిన్ని రాసిందంతే. బతికింది నేను" అంటుంది. జనం కళ్లు తుడుచుకుంటారు. తర్వాత అందరూ, నవలలో పిల్లకు అన్నం పెట్టి దెప్పే ఆ ఇల్లాలిని చూసినట్టు, ముందు వరసలో ఉన్న నన్ను చూస్తారు.

ఆ పిల్ల, అప్పట్లో మా కింది వాటాలో ఉన్న టైలరు మరదలి కూతురు. బట్ట కత్తిరించే బల్ల కింద చెప్పులతో పడుకునేది. ఇప్పుడెక్కడుందో నాకు తెలియదు.

మా అక్క కూతురు నా మంచం నిండా కాళ్లూ చేతులూ బార్లా చాపి, దుప్పటి తన్నేసి, గుర్రుపెట్టి నిద్రపోయేది. ఒక చెప్పు బాల్కనీలో, ఇంకొకటి సోఫా కింద దొరికేవి. పరాయి ఇంట్లో ఎవరూ అలా నిద్రపోరు. వినబడుతోందా? నీకు ఒక ఇల్లు ఉండేది. జనం చప్పట్ల కోసం దాన్ని కాలదన్నావు.

కనుక షరతు: "ఈ నవలలోని పిల్ల నా అక్క కూతురు కాదు" అనే మాట, ఆ నవల ప్రతి ముద్రణలో మొదటి పేజీ మీద, నవల పేరు ఎంత పెద్ద అక్షరాల్లో ఉంటే అంత పెద్ద అక్షరాల్లో అచ్చువేయాలి. ఒప్పుకోకపోతే హక్కులన్నీ అన్నయ్యకు పోతాయి. ఆయన పుస్తకాలను తూకానికి అమ్మేస్తారు. అవి బతకాలో, ఆ పిల్ల నువ్వు కావాలో తేల్చుకో.

6. ఇంతకుముందు నేను రాసిన వీలునామాలన్నీ దీనితో రద్దు. అలాగే, ఆ నవల అచ్చయి ఇంటికొచ్చిన రోజు మా అక్క కూతురు వంటింటి గట్టు మీద కూర్చుని సగం చదివి, "పిన్నీ, ఈ పిల్ల నేనేనా?" అని అడిగింది. దాన్ని దగ్గరకు లాక్కుని, "నువ్వు కాక ఇంకెవరే?" అన్నాను. ఆ మాట కూడా రద్దు.

తేదీ: 14-3-2025

(సంతకం) రచయిత్రి

సాక్షులు:
కింది అంతస్తు పళ్ల డాక్టరు
ఆవిడ దగ్గర పన్ను పీకించుకోవడానికి వచ్చిన పెద్దమనిషి