ముఖం పడకుండా

జనవరి 9, రిఫా, బహ్రెయిన్

ఈ జర్మన్ ఆవిడ మీద నాకు నమ్మకం లేదు. పేరు ఉల్రికె. అరవై దాటాయి. జీవితమంతా డాక్యుమెంటరీలే తీసిందట. ఇప్పుడు ఇక్కడ ఇళ్లల్లో పనిచేసే తెలుగు ఆడవాళ్ల మీద తీస్తోంది. నేను ట్రాన్స్‌లేటర్‌ని. మా ఇంట్లో పార్ట్‌టైం చేసే లోవమ్మను చూడగానే ఆవిడ కళ్లు మెరిశాయి. అక్కడే తేడా కొట్టింది.

లోవమ్మ తనకి వీసా ఇచ్చిన కఫీల్ ఇంట్లోంచి పారిపోయి వచ్చిన మనిషి. ఆ ఇంటి పెద్దకొడుకు చేసినవి రాయడానికి నాకు చెయ్యి రావడం లేదు. ఆమెను తీసుకొచ్చిన ఏజెంట్ జగ్గారావు మనామా అంతా వాకబు చేస్తున్నాడు. దొరికిందా, మళ్లీ ఆ ఇంటికే.

జనవరి 11

ఉల్రికెను గూగుల్ చేశాను. మొదటి సినిమా మూతపడ్డ బొగ్గుగనుల మీద. తర్వాత ఓడలు విరగ్గొట్టే కూలీలు. పెద్ద అవార్డు మాత్రం హోటల్ గదులు తుడిచే ఒక మోల్డోవా ఆవిడ కథకి. ఆ సినిమా వల్లే ఆ పనావిడ ఉద్యోగం పోయిందట.

నిలదీశాను. నిజమే అంది. అప్పట్నుంచి ముఖాలు తీయడం మానేశానని, చేతులే తీస్తానని చెప్పింది. ఆ మోల్డోవా ఆవిడకి తను ఎన్నిసార్లు ఫోన్ చేసినా ఎత్తదట. కథ బాగానే అల్లింది.

జనవరి 14

ఈ సినిమా వద్దని లోవమ్మకు నచ్చజెప్పబోయాను. వింటేగా. నా ముకం పడకపోతే సాలండమ్మగారూ, నాకు జరిగింది ఇంకో ఆడదానికి జరక్కూడదండి అంది. సరే, ముఖం పడకుండా చూసే పూచీ నాదన్నాను.

ఈయన మాత్రం నీకెందుకొచ్చిన గొడవ అంటున్నారు.

జనవరి 16

మనామాలో ఓ అద్దె గదిలో షూటింగ్. కెమెరా పక్కనుంచి నేను కదల్లేదు. అద్దానికి దుప్పటి కప్పించాను. స్టీలు గిన్నెల్లో నీడ పడుతుందని అవీ తీయించేశాను. గొంతు మార్చాలన్నాను. అన్నిటికీ సరేనంది ఉల్రికె. ఇంత తేలిగ్గా ఎవరైనా సరేనంటారా?

లోవమ్మ చపాతీ పిండి కలుపుతూ అంతా చెప్పింది. గాజులు, పచ్చబొట్టు, పిండి అంటిన వేళ్లు. ఉల్రికె బ్యూటిఫుల్, బ్యూటిఫుల్ అంటూనే ఉంది. ట్రాన్స్‌లేట్ చేస్తూ నేను ఏడ్చేశాను.

జనవరి 17

ఫుటేజీ మొత్తం చూపించమని పట్టుబట్టాను. ఒక్క ఫ్రేములోనూ ముఖం లేదు. గడ్డం కూడా లేదు. అయినా ఈవిడ్ని నమ్మను.

సెప్టెంబర్ 6

ఉల్రికె పోస్టర్ పంపింది. ఏదో ఫెస్టివల్‌కి సెలెక్టయిందట. పిండిలో రెండు చేతులు, అంతే. పాపం, అన్నమాట నిలబెట్టుకుంది. అనవసరంగా అనుమానించాను. మన తెలుగువాళ్ల వాట్సాప్ గ్రూపులో గర్వంగా నేనే పెట్టాను, ట్రాన్స్‌లేషన్ నాదేనని రాసి మరీ.

సెప్టెంబర్ 6, సాయంత్రం

లోవమ్మ ఎవరండీ అని గ్రూపులో ఎవరో బుజ్జిబాబు అడిగాడు.

నేను పేరు ఎక్కడా రాయలేదు. పోస్టర్ పెద్దది చేసి చూశాను. మోచేతి కింద పచ్చబొట్టు. గుండ్రటి తెలుగు అక్షరాలు. చిన్నప్పుడు ఊరి తీర్థంలో పొడిపించుకున్న ఆమె పేరు. ఉల్రికెకి అది డిజైను. మరి నాకో? రోజూ నా ఇంట్లో అంట్లు తోమే చెయ్యి. ఒక్కసారీ చదవలేదు.

వెంటనే డిలీట్ చేశాను. అప్పటికే జగ్గారావు మెసేజ్ వచ్చి ఉంది. ఎంత మర్యాదో. మేడంగారూ, ఆ అమ్మాయి తమరి దగ్గరే చేస్తోందాండీ అని.

సెప్టెంబర్ 8

లోవమ్మ రాలేదు. ఫోన్ స్విచాఫ్.

ఉల్రికె ఫోన్ చేస్తూనే ఉంది. ఎత్తడం లేదు.