క్రౌథర్ పెదవులు పలికిన మాట

జోషువా క్రౌథర్, నా కడుపు లోపల చిరిగిందని తెలిసీ నన్ను మళ్ళీ మైదానంలోకి నెట్టింది నువ్వు. ఇప్పుడు రాబోయే నా చావును ఎదుటి జట్టు బెల్మీరో ఫుర్తాదో నెత్తిన రుద్ది, రాష్ట్రం సరిహద్దు గీత అవతల, ఆట జరిగిన ఊళ్ళో, లాకప్పులో వేయించిందీ నువ్వే. ముందు ఈ సంగతి రాసి, తరువాతే చట్టం అడిగే మాటలు రాస్తున్నాను.

నేను, డూగల్ రెన్విక్, వయసు ఇరవై నాలుగు, పుట్టింది పేస్లీలో, ఉండేది ఫాల్ రివర్‌లో. బారక్లఫ్ మిల్లులో నేత పని. ఆదివారాలు నువ్వు పెత్తనం చేసే అదే మిల్లు ఫుట్‌బాల్ జట్టులో ఎడమ హాఫ్. ఒళ్ళు కాలిపోతోంది గాని బుర్ర సరిగానే ఉంది. ఎవరూ నా చెయ్యి పట్టుకొని రాయించడం లేదు. మత్తుమందు ఇస్తామంటే ఈ కాగితం ముగిసేదాకా వద్దన్నాను. ఇదే నా మొదటి వీలునామా. రాసేంత ఆస్తి ఎప్పుడూ లేదు, రాసేంత కోపం ఇప్పుడు వచ్చింది. పద్ధతి మా కార్మిక సంఘం గదిలోని పుస్తకం చూసి నేర్చుకున్నాను. తప్పులుంటే ప్లీడర్లు నవ్వుకోండి.

ఒకటి. దీన్ని అమలు జరిపే పూర్తి అధికారం మా అక్క ఎల్స్పెత్ రెన్విక్‌ది. నేను చచ్చేదాకా దీన్ని మడిచి దాచకూడదు. ఇవాళే నకలు తీసి క్రౌథర్ బల్ల మీద పెట్టాలి. గుమస్తా అడ్డొస్తే తోసుకొని పోవాలి. అక్కకు తోయడం వచ్చు.

రెండు. నా మందపాటి కోటు, అమ్మ అల్లిన మఫ్లరు నా తదనంతరం ఎల్స్పెత్‌కు చెందుతాయి. మఫ్లరు మీది మరక మా గోల్‌కీపరు హెన్షాది. సీజను మొదటి ఆటలోనే అతన్ని బంతితో సహా గోలు గుంజకేసి కొట్టారు, దవడ రెండు చోట్ల విరిగింది, రిఫరీ గోలు ఇచ్చాడు. ఉతికి చూశాను, పోలేదు. చలికి అడ్డం వస్తుంది, కట్టుకో అక్కా.

మూడు. పోగు తోలే నా నాడె, పన్నెలో దారం దూర్చే కొక్కెం నా మగ్గాల దగ్గరికి కొత్తగా వచ్చేవాడికి దఖలు పరుస్తున్నాను, వాడెవడైనా సరే. తమ్ముడూ, కిటికీ పక్క మగ్గంలో నాడె ఎగిరి మొహం మీదికొస్తుంది. ఎడమ పక్కన నిలబడకు.

నాలుగు. ఈ సీజనులో నా వాటాకొచ్చిన దెబ్బలన్నీ లీగు పెద్దలకు రాసిస్తున్నాను, సమంగా పంచుకోండి. పావ్‌టకెట్‌లో రాలిన పన్ను. బొగ్గు నుసి పోసిన మైదానంలో చెక్కుకుపోయిన మోకాళ్ళు. జనవరిలో రిఫరీని జనం నదిదాకా తరిమితే అతన్ని కాపాడబోయి నేను తిన్న ఇటుక. బూటు మేకులు తోలు దాటి బయటికి పొడుచుకొస్తున్నాయని మేం మొరపెట్టుకుంటే మీ పెద్దమనిషి ఒకడు అన్నాడు: "జనం దేనికొస్తున్నారనుకున్నావు నాయనా, భజన వినడానికా?" ఆయనకు రెండు వాటాలు.

ఐదు. బెల్మీరో ఫుర్తాదో సంగతి. ఇతను మా ఊరివాడే, కొలంబియా వీధి. నీ జట్టులోకి వస్తానని వచ్చిన రోజు నువ్వు గేటులోనే "పోర్చుగీసువాడికి ఇక్కడ చోటు లేదు, రొట్టెలు కాల్చుకో పో" అన్నావు. అతను రేవు జట్టులో చేరి మన వల చింపేశాడు. అతనంటే నాకూ పడదు. నవంబరు మంచులో మోచేత్తో అతని ముక్కు పగలగొట్టాను, అందుకు నాకేమీ బాధ లేదు. బాధంతా వాళ్ళమ్మ దోనా డెల్ఫీనా గొడుగుతో మైదానంలోకి దిగి నా వీపు మీద కొట్టినప్పుడే. "నా కొడుకు అందాన్ని పాడు చేస్తావా, దరిద్రుడా!" అని అరుస్తూ కొట్టింది. అతను రక్తం కారుతూనే పడీ పడీ నవ్వాడు.

పోయిన ఆదివారం ఇద్దరం ఒకే బంతి మీదికి పోయాం. అతని బూటు నా కడుపులో దిగింది. పడగానే వంగి "లేవరా నేతగాడా, నాటకాలు చాలు" అన్నాడు. నా నోట్లోంచి వచ్చిన నెత్తురు చూసి మోకాళ్ళ మీద కూలబడ్డాడు. "అమ్మ తోడు, బంతినే తన్నాను" అన్నాడు. నేనూ బంతినే తన్నాను. అది ఆట. నా మాటే సాక్ష్యం: బెల్మీరో నన్ను చంపలేదు.

ఆరు. చంపింది ఎవరో ఈ నిబంధనలో ఉంది. మన ఆటలో పడిపోయినవాడి బదులు ఇంకొకణ్ణి దించే పద్ధతి లేదు. అందుకే దెబ్బ తిన్నవాణ్ణి వింగ్‌లో మైదానం అంచున దిష్టిబొమ్మలా నిలబెడతారు, ఎదుటివాళ్ళు ఒకణ్ణి కాపలా పెట్టక తప్పదు కదా అని. బెణికిన చీలమండకు పెట్టుకున్న ఆనవాయితీ అది. చిరిగిన పేగుకు కాదు. బకెట్టూ స్పంజీ పట్టుకొచ్చిన నోవా టాటర్సల్ నా పొట్ట తాకి చూసి "ఇది చెక్కలా బిగిసింది అయ్యగారూ, ఆసుపత్రికి పంపించండి" అన్నాడు. దానికి నువ్వేమన్నావో రాస్తున్నాను. "చస్తే ఆట అయ్యాక చావనీ. వాణ్ణి ఎడమ వింగ్‌లో నిలబెట్టు."

చంకల్లో చేతులేసి లేపి నిలబెట్టారు. బంతి నా వైపు వచ్చింది. కాళ్ళకు బుద్ధి ఉండదు, పరిగెత్తాను. అప్పుడు లోపల పూర్తిగా తెగింది. డాక్టరు మాట ఇది: "దెబ్బ తగలగానే తెస్తే కుట్టేవాణ్ణి. మీవాళ్ళు పరిగెత్తించి చింపారు."

నువ్వు షెరీఫ్‌కు చెప్పింది వేరు. బెల్మీరో పగబట్టి చంపడానికే తన్నాడట, నేను నా ఇష్టంతో ఆడానట. ఈ ఆదివారం రేవు జట్టుతోనే ఆఖరి ఆట, బెల్మీరో లేకపోతే కప్పు నీది. అందుకు ఒకణ్ణి పాడె మీదా ఒకణ్ణి కటకటాల వెనకా పెడుతున్నావు. నీ మాట నమ్మి మన మిల్లు దూది ఏకే గదివాళ్ళు కొలంబియా వీధిలో దోనా డెల్ఫీనా రొట్టెల కొట్టు పగలగొట్టారు. ఆమె చెయ్యి విరిచారు. నా పేరు చెప్పి విరిచారు. వాళ్ళకు నా శవపేటిక మొయ్యడానికి హక్కు లేదు. దగ్గరికొస్తే ఎల్స్పెత్ తన్నవచ్చు.

ఏడు. నువ్వు ఆ మాట అన్నప్పుడు జనం హోరులో ఎవరికీ వినబడలేదనుకున్నావు. నిజమే, పక్కనున్న నోవాకు తప్ప వినబడలేదు. కానీ నువ్వు గుమస్తా గదిలోంచి వచ్చినవాడివి, మగ్గాల మధ్య ఒక పూటైనా నిలబడలేదు. మగ్గాల రొదకు మా గదిలో పక్కవాడి కేక పక్కవాడికి వినబడదు. పెళ్ళి కబుర్లూ బూతులూ నీ మీద జోకులూ అన్నీ పెదవులు చూసే చదువుకుంటాం. నీ ఎదురుగా బల్లల మీద కూర్చున్నదంతా మా నేతగది. నేను వెల్లకిలా పడి చదివాను, వాళ్ళు కూర్చుని చదివారు. మేముండే ఇళ్ళు మిల్లువి, నోరెత్తితే గెంటేస్తారు కాబట్టి ఇంతదాకా ఎవరూ పైకి అనలేదు.

ఎనిమిది. ఆ బల్లల మీదే కూర్చున్న ముసలి నేతకత్తె పేషెన్స్ ఎంట్విజిల్‌కు ఏమీ రాయడం లేదు. నోవాకూ ఏమీ రాయడం లేదు. నిన్న మంచం పక్కన కూర్చుని "నాకేం వినబడలేదురా డూగల్, నాకు పిల్లలున్నార్రా" అని ఏడ్చాడు. ఇది అతని మీద పగ కాదు. సాక్షి సంతకం పెట్టేవాళ్ళకు వీలునామాలో ఏమీ రాకూడదని పుస్తకంలో ఉంది. ఇద్దరికీ కింద చోటు ఖాళీగా ఉంచాను.

తొమ్మిది. నా బూట్లు, లేసులతో సహా, సర్వహక్కులతో బెల్మీరో ఫుర్తాదోకు. అతని పిక్కలు వాటిని బాగా ఎరుగును. కొంచెం బిగుతవుతాయి. తిట్టుకుంటూ వేసుకో.

పది. క్రౌథర్, నాకు కావలసింది ఒక్కటే. శనివారం మధ్యాహ్నం మిల్లు ఈల మోగేలోగా రాష్ట్రం గీత దాటి వెళ్ళి, షెరీఫ్ ముందు నువ్వన్న మాట నీ నోటితో చెప్పు. బెల్మీరోను నీ బండిలో వాళ్ళమ్మ గుమ్మం దగ్గర దించు. అక్క అక్కడే కూర్చుని ఉంటుంది. అదే నీ జవాబు, వేరే కాగితం అక్కర్లేదు. అతను దిగకపోతే, ఆదివారం నువ్వు మైదానం గీత పక్కన నీ చోటులో నిలబడగానే ఎల్స్పెత్ లేస్తుంది. ఆమె వెనక నేతగది అంతా లేస్తుంది. చప్పుడు లేకుండా, అన్ని నోళ్ళూ ఒక్కసారే, నీ మాట నీకు చెబుతాయి. ఆట అయ్యేదాకా చెబుతూనే ఉంటాయి. శబ్దం రాని మాటకు ఎవరిని పనిలోంచి తీస్తావో చూస్తాం. శనివారం, మిల్లు ఈల. ఆ తరువాత గడువు లేదు.

ఫాల్ రివర్, 1926 మార్చి 18, గురువారం.

చేవ్రాలు: డూగల్ రెన్విక్

సాక్షులు:
పేషెన్స్ ఎంట్విజిల్. చూశాను.
నోవా టాటర్సల్. విన్నాను.