బీరువాలోని పాత ఫోన్ సంగతి

మన గ్లోరీ బాపూ, జడ్చర్ల పోతున్నాను, సాయంత్రానికి వస్తాను. పప్పు వేడి చేసుకోండి. బీరువాలోని నా పాత ఫోన్ మాత్రం ముట్టకండి.

"ఏం గాదు గ్రేసూ, రెండూ ఒక్క కంపెనీయే గదా" అంటూ మీ ఫోన్‌కు వేరే మోడల్ సాఫ్ట్‌వేర్ ఎక్కించారు. అది పొద్దున్నుంచి కంపెనీ పేరు వెలిగించి ఆర్పుకుంటోంది, కల మధ్యలో లేచి మళ్లీ పడుకునే మనిషిలాగ. దాన్నే చూస్తూ చాయ్ పొంగించాను. ఆ తప్పూ మీదే.

ప్రభువు దగ్గరికి పోయిన మా బాపు అన్నం ముందు చేసిన ప్రార్థన రికార్డింగ్ నా ఆ పాత ఫోన్‌లో ఉంది. ఊరందరి పేర్లూ చెప్పి, వానల కోసం అడుగుతూ అడుగుతూ నిద్రపోయాడు. కూర చల్లారినా ఎవరమూ లేపలేదు. దానికీ మీరు కొత్త సాఫ్ట్‌వేర్ ఎక్కిస్తే అదంతా తుడిచిపెట్టుకుపోతుంది.

తా.క.: ఇంకెక్కడా కాపీ లేదు. గురక కూడా నాకు కావాలి. బాపు ఇంకా ఆమేన్ అనలేదు, పడుకోనీయండి.